తాడు కట్టిన వెనక గోడ

2001 జనవరి 17, బుధవారం, పగలు పదకొండుంపావు. రాజధాని నుంచి వచ్చిన ఒక కళా విమర్శకుడు ఆ సమయానికి అరకు లోయలో ఒక ఇంటి వెనక్కి లఘుశంకకని వెళ్ళాడు. వెళ్ళిన పని ఒకటి, అక్కడ నిలబడి చెప్పింది ఇంకొకటి. నా మొత్తం సర్వీసులో అందుకున్న ఒకే ఒక్క మెమోకు ఆ నడకే మూలం.

పండితులను జీపులో ఎక్కించుకుని ఊళ్ళు తిప్పే ఉద్యోగంలో కొత్తగా చేరినవాళ్ళు ఎవరైనా ఉంటే, వాళ్ళ కోసం ఇది రాస్తున్నాను. నీతి ఏమీ లేదు, జరిగింది చెబుతాను. పేర్లు మాత్రం రాయను. ఆ రోజు అక్కడున్నవాళ్ళలో చాలామంది ఇప్పటికీ బాగానే ఉన్నారు, వ్యాసాలు కూడా రాస్తున్నారు.

అప్పుడు నేను అరకులో ఒక చిన్న ప్రభుత్వ కళాకేంద్రానికి మేనేజరును. మూడు గదులు, ఒక వరండా, ఒక జీపు, దానికొక డ్రైవరు. చుట్టుపక్కల గిరిజన గూడేల్లో ఆడవాళ్ళు ఇంటి గోడలకు ఎర్రమట్టి పూసి, నల్లపట్టీ తీర్చి, పైన తెల్లసుద్దతో వేళ్ళతోనే చుక్కలు పెడతారు. వాటిలో బాగున్నవి ఎంచి, ఫొటోలు తీయించి, పైకి పంపడం మా పని. ఆ ఏడు పైవాళ్ళకు ఒక ఇంటిని ‘కళాగృహం’గా ప్రకటించాలని బుద్ధి పుట్టింది. ఇల్లు నేను చూపించాలి, తీర్పు విమర్శకుడు చెప్పాలి.

నేను ఎంచిన ఇల్లు లోయకు పడమటి అంచున, కాఫీ తోటలు మొదలయ్యే చోట ఉండేది. ఇంటావిడకు నలభై దాటి ఉంటాయి. ఆవిడ పెట్టిన పట్టీలో ఎక్కడా వంకర లేదు. తాడు పట్టి గీశావా అని ఒకసారి అడిగితే, “తాడెందుకు మేడమ్‌గారూ, నడుం ఉన్నాది కదా” అంది. అంటే, తన నడుం ఎత్తే కొలత. గోడ పొడవునా వంగకుండా, నిక్కకుండా నడుస్తూ పోతుంది, పట్టీ తిన్నగా వస్తుంది.

విమర్శకుడికి తెల్లగడ్డం, గోధుమరంగు శాలువా, భుజాన జనపనార సంచి. ఏ బొమ్మనైనా చూసేముందు ఆయన కాసేపు కళ్ళు మూసుకునేవాడు. ఆయన వెంట విశాఖ నుంచి మా పైఅధికారి వచ్చాడు. ఫైళ్ళ దగ్గర పులి. కళ అంటే మాత్రం ఆయనకు భయం. బొమ్మ ముందు నిలబడితే ఆయన చేతులు వాటంతట అవే వెనక్కి కట్టుకుపోయేవి, పెద్ద మాస్టారు ముందు పిల్లవాడిలాగ.

విమర్శకుడు ముందుగోడ ఎదురుగా కళ్ళు మూసి, తెరిచి, నిట్టూర్చాడు.

“అలంకారం. శుద్ధ అలంకారం. కంటికి నచ్చుతోంది. నచ్చడమే దీని లోపం.”

“లోపమేనండీ,” అన్నాడు మా అధికారి. నావైపు తిరిగి, “రాసుకోండి, లోపం,” అన్నాడు.

నేను రాసుకోలేదు. విమర్శకుడు అప్పుడే ఇంటి వెనక్కి వెళ్ళాడు. ఎంతకీ రాలేదు. కాలు జారాడేమోనని డ్రైవరును పంపబోతుండగా ఆయన గొంతు వినిపించింది.

“అందరూ ఇటు రండి. ఎవరూ మాట్లాడకండి.”

ఆ వెనక గోడ సంగతి ఇక్కడ చెప్పాలి. ఇంటికని మోసుకొచ్చిన మట్టి ఇల్లు దాటి పోకూడదని ఆ ఊళ్ళో ఒక పట్టింపు. అందుకని గోడలు అలికాక, చేతికి మిగిలిన మట్టిని గెడ్డ నీళ్ళలో కడిగెయ్యరు. వెనక గోడకు తుడిచేస్తారు. ఎర్రచేయి, నల్లచేయి, సుద్దచేయి, పెద్దవాళ్ళవి ఎత్తున, పిల్లలవి కింద, పండగకొకసారి, ఏళ్ళ తరబడి. ఆ గోడ పక్కన ఒక మేక కట్టేసి ఉంది. గోడ అడుగున కొంతమేర అది ఒళ్ళు రాసుకున్న నునుపు కూడా ఉంది.

విమర్శకుడి కళ్ళలో నీళ్ళు తిరిగాయి. అబద్ధం చెప్పను, నిజంగానే తిరిగాయి.

“ఇక్కడ రేఖ రేఖగా ఉండటానికి నిరాకరిస్తోంది. చూశారా ఈ ఆవేదన? ఈ విచ్ఛిత్తి? కింద ఈ నునుపు చూడండి, ఇది మౌనం.”

“మౌనమేనండీ,” అన్నాడు మా అధికారి. మేము వరసగా నిలబడి తలలు ఊపాము. నేనూ ఊపాను. ఊపనిది మేక ఒక్కటే.

విమర్శకుడు ఇంటావిడను పిలిపించాడు. ఆవిడ అంబలి కలుపుతున్న చేతితోనే వచ్చింది.

“అమ్మా, ఇది చేస్తున్నప్పుడు నీ మనసులో ఏముంది?”

ఆవిడ గోడ వంక చూసింది, ఆయన వంక చూసింది, నా వంక చూసింది.

“సెయ్యి తుడుసుకున్నాను బాబూ.”

“విన్నారా!” ఆయన మా అధికారి భుజం పట్టుకుని ఊపేశాడు. “చేయి తుడుచుకుందట! నేను కళాకారిణిని అనే అహంకారాన్నే తుడిచేసుకుంది!”

“నానొక్కదాన్నే కాదు బాబూ,” ఆవిడ కంగారుగా అంది, నేరం ఏదో తనమీదికి వస్తోందన్నట్టు. “మా అత్త తుడిసింది, మా పిల్లగుంటలు తుడిసినారు, పక్కింటోలూ తుడిసినారు.”

“సామూహిక సృజన!”

“ఆ కిందది మేక బాబూ.”

ఆయన మేక వంక చూశాడు. “ప్రకృతి భాగస్వామ్యం,” అన్నాడు నెమ్మదిగా, దానిని కూడా సంచీలో వేసుకుంటున్నట్టు.

 తిరిగి వచ్చి విమర్శకుడినీ మా అధికారినీ గెస్ట్‌హౌస్‌లో దింపాక డ్రైవరు నావైపు తిరిగాడు. అతనిది ఎస్.కోట దగ్గర పల్లె.

“మేడమ్‌గారండీ, మా ఇంటి ఎనకాల గోడకి మా అమ్మ పిడకలు కొడతాదండి. ఈ బాబుని ఓపాలి తీసుకెల్దునా?”

“ముందు రోడ్డు చూడు,” అన్నాను. నవ్వు ఆపుకోవడం వల్ల నా గొంతు అధికారికంగా వచ్చింది.

ఫిబ్రవరి 6న ఉత్తర్వు వచ్చింది. కళాగృహం అదే ఇల్లు, కాని గుర్తింపు ముందుగోడకు కాదు, వెనక గోడకు. గోడ చుట్టూ గుంజలు పాతి తాడు కట్టాలి, ‘తాకరాదు’ అని బోర్డు పెట్టాలి, ఉన్నది ఉన్నట్టు కాపాడే బాధ్యత మేనేజరుది. గుంజలు పాతించాను, తాడు కట్టించాను. మేకను ఎక్కడ కట్టాలో ఉత్తర్వులో లేదు.

వారం తిరక్కుండా ఇంటావిడ కొండ దిగి మా ఆఫీసుకు వచ్చింది. కుర్చీ చూపిస్తే కూర్చోలేదు.

“మేడమ్‌గారూ, ఆ తాడు ఎప్పుడు ఇప్పుతారు?”

“ఇప్పరమ్మా. నీ గోడకు గొప్ప పేరు వచ్చింది.”

“పేరుకేటి, ఉండనీండి. మా పెద్దోడి పెళ్ళి ఉన్నాది.”

అప్పుడు చెప్పింది సంగతంతా. ఆ ఊళ్ళో మగపెళ్ళివారు పెళ్ళికి ముందు మూడు గోడలే అలుకుతారు. వెనక గోడ వదిలేస్తారు. పెళ్ళికి ముందురోజు పగటిపూట ఆడపెళ్ళివారు కొండ దాటి వస్తారు. పిల్ల మేనమామ మొదటి గుప్పెడు మట్టి ఆ వెనక గోడకు పెడతాడు. అదే వాళ్ళ ఒప్పుకోలు. ఆ తరవాత వాకిట్లో ఉన్న ప్రతి మనిషీ ఒక గుప్పెడు పెట్టాలి. చేతికి మట్టి అంటకుండా నిలబడ్డ మనిషి ఆ పెళ్ళికి అడ్డు చెప్పినట్టు లెక్క. అడ్డు చెప్పినవాడు ఒక్కడున్నా ఆడపెళ్ళివారు వచ్చిన దారినే వెనక్కి పోతారు.

“మా తోటికోడలి ఇంటికాడ అలగే ఎల్లిపోనారు,” అంది. “ఆ గుంటడికి మల్లీ సంబంధం రాడానికి నాలుగేళ్ళు పట్టింది. మావోడికి ఆ పిల్ల మీదే మనసు మేడమ్‌గారూ. ఇంకో పిల్లని సేసుకోడు, నాకు తెలుసు.”

పెళ్ళి మార్చి 8, గురువారం. గోడకు మట్టి పెట్టాల్సింది 7న.

ఆవిడ ఉండగానే విశాఖకు ఫోను చేశాను. మా అధికారి అంతా విని, “అది మన చేతిలో లేదమ్మా, ఆయనతో మాట్లాడి చెప్తాను,” అన్నాడు. మర్నాడు చెప్పాడు: “తాకితే సాంస్కృతిక నేరం అవుతుందన్నారు. కావాలంటే పెళ్ళి ఆ గోడ ముందే చేసుకోమన్నారు. చాలా బాగుంటుందట.”

“పెళ్ళే జరగదంటున్నాను సార్.”

“అది కూడా ఒక రకంగా బాగుంటుందన్నారు.”

ఆయన్ని నేను తప్పుపట్టను. తనకు అర్థం కాలేదని ఒప్పుకునే చోటు ఆయన ఉద్యోగంలో ఎక్కడా లేదు. గుమస్తా నుంచి పైకి వచ్చిన మనిషి, ఎక్కడ ఎవరు నవ్వుతారోనని బెంగ. అలాంటివాళ్ళు మీకూ తగులుతారు. వాళ్ళతో వాదించకండి, వాళ్ళకు ఒక దారి చూపించండి.

నేను చూపించిన దారి ఇది. విమర్శకుడు ఢిల్లీ నుంచి ఇద్దరు అతిథులను తీసుకొచ్చి, ఆ గోడ ముందు తన వ్యాసం చదవాలని అనుకుంటున్నాడు. దాన్ని మార్చి 5, సోమవారం పెట్టిద్దాం. చదువుతారు, ఫొటోలు తీసుకుంటారు, కాఫీ పొడి కొనుక్కుని వెళ్ళిపోతారు. 7న తాడు ఒక్కరోజు నేను విప్పుతాను. ఆ తరవాత ఏడాది దాకా గోడ ఎలా ఉందని ఎవరూ అడగరు. మా అధికారి గొంతు తగ్గించి, “నాకు ఈ మాట చెప్పలేదు మీరు,” అన్నాడు. అంటే ఒప్పుకున్నట్టు.

5న ఎవరూ రాలేదు. ఢిల్లీ అతిథులకు విమానం తప్పిపోయిందట. 6న వస్తామన్నారు, ఆ రోజూ రాలేదు. 7 ఉదయం రైల్లో బయలుదేరుతున్నామని కబురు వచ్చింది. ఆ రైలు పదకొండుకల్లా అరకు రావాలి. వీళ్ళను పన్నెండులోగా చదివించి పంపేస్తే, ఆడపెళ్ళివారు వచ్చేసరికి వాకిలి ఖాళీగా ఉంటుందని నా లెక్క. ఖనిజం గూడ్సు ఒకటి అడ్డం వచ్చి ఆ రైలును టైడా స్టేషనులో ఆపేసింది. నేను స్టేషనులో నిలబడి ఉన్నంతసేపూ, కొండకు అవతల ఆడపెళ్ళివారు నడుస్తూనే ఉన్నారు.

విమర్శకుణ్ణి, మా అధికారిని, అతిథులిద్దరినీ ఎక్కించుకుని మేము ఆ ఇంటికి చేరేసరికి డప్పు మోగుతోంది. వాకిట్లో నలభైమంది దాకా ఉన్నారు. తొక్కిన ఎర్రమట్టి గుంటలో నిగనిగలాడుతోంది. పిల్ల మేనమామ తలపాగా చుట్టుకుని తాడు ముందు నిలబడి బోర్డు చదివించుకుంటున్నాడు.

“ఏటి రాసినారు?”

“ముట్టుకోవద్దని రాసినారు మామా.”

“ఎవులు? మగపెళ్ళోరా?”

“కాదు, గవర్నమెంటోలు.”

“గవర్నమెంటుకి మా పిల్ల నచ్చనేదా?”

అందరూ నవ్వారు. ఇంటావిడ మాత్రం నవ్వలేదు. పెళ్ళికొడుకు గడపలో నిలబడి కాలి బొటనవేలితో నేల తవ్వుతున్నాడు. మేనమామ కూడా నవ్వుతూనే తలపాగా విప్పి భుజాన వేసుకున్నాడు. అది బయలుదేరే మనిషి చేసే పని అని నాకు తెలియలేదు గాని, ఇంటావిడ మొహం చూస్తే తెలిసింది.

నేను వెళ్ళి గుంజకున్న ముడి విప్పాను. కట్టించింది నేను, సంతకం నాది, కాబట్టి విప్పాల్సిందీ నేనే. ముడి బిగుసుకుపోతే పళ్ళతో లాగాను.

“ఆపండి!” విమర్శకుడు కేక పెట్టాడు. “ఏం చేస్తున్నారు మేడమ్?”

మేనమామ అప్పటికే వంగి గుప్పెడు మట్టి తీశాడు. గోడ నడిమధ్యన, ఇదివరకు ‘ఆవేదన’ అని పేరుపడిన చోట, ఫట్టుమని పెట్టాడు. డప్పు రెట్టించింది. ఆడపెళ్ళివారి తరపు అత్తలు, పిన్నులు, మా డ్రైవరు, ఆ తరవాత నేను. ఢిల్లీ అతిథులిద్దరూ బూట్లు విప్పి పరిగెత్తుకొచ్చారు, వాళ్ళంత సంతోషంగా ఆ రోజు ఎవరూ లేరు. మా అధికారి విమర్శకుడి వంక చూశాడు, మేనమామ వంక చూశాడు, కళ్ళు మూసుకుని ఒక నిమ్మకాయంత మట్టి అంటించి, చెయ్యి వీపు వెనక దాచుకున్నాడు.

గోడ సగం ఎర్రబడింది. నేను ఇంటావిడ పక్కకు వెళ్ళి అడిగాను, “మీ అత్తగారి చేతులు కూడా పోతున్నాయి కదా?”

“పోడమేటి? వొదిలేత్తే వానకి పోతాయి. మీద మట్టి పడితే లోపల ఉంటాయి,” అంది. ఆవిడ కళ్ళు మాత్రం నా మీద లేవు, విమర్శకుడి శాలువా మీద ఉన్నాయి.

వాకిట్లో శుభ్రమైన చేతులు ఇక ఆయనవే. డప్పు ఆగింది.

“ఈ బాబుకి ఏటి అడ్డం?” అన్నాడు మేనమామ.

విమర్శకుడు చెప్పడం మొదలుపెట్టాడు. రూపం, అరూపం, కాలం, స్మృతి. మేనమామ మధ్యలో ఆపకుండా, మర్యాదగా, మొత్తం విన్నాడు. తరవాత తన మనుషుల వైపు తిరిగి, “సాలా పెద్ద అడ్డమే సెప్తన్నాడు,” అన్నాడు. ఆడవాళ్ళు బుట్టలు తలకెత్తుకోవడం మొదలుపెట్టారు.

పిల్ల పెద్దత్త, పళ్ళు లేని ముసలావిడ, బుట్ట దింపి ఆయన దగ్గరకు వచ్చింది. తలెత్తి ఆయన గడ్డం వంక చూసింది.

“మా గుంట నీకు నచ్చనేదా నాయనా? నల్లగుందా?”

“అయ్యో, అది కాదమ్మా. అమ్మాయి... అమ్మాయి మంచిదే. నేను గోడ గురించి...”

“పెళ్ళి గోడకేటి నాయనా? గుంటడికి.”

వాకిలంతా పగలబడి నవ్వింది. ఆయన చుట్టూ చూశాడు. ఢిల్లీ అతిథులు మోచేతులదాకా మట్టితో ఆయన్నే చూస్తున్నారు. పెళ్ళికొడుకు కూడా చూస్తున్నాడు. వాడి మొహంలో ఏ రూపమూ అరూపమూ లేదు, ఒక్క ప్రశ్నే ఉంది. విమర్శకుడు శాలువా తీసి మా అధికారి చేతికిచ్చాడు. చెప్పులు విడిచి గుంటలో చెయ్యి పెట్టాడు.

ఆయన మట్టి గోడకు నిలవలేదు. పెట్టగానే జారి పాదం మీద పడింది. రెండోదీ పడింది.

“రాయడం కాదు బాబూ, ఒత్తాల,” అంది ఇంటావిడ.

“ఒత్తుతూనే ఉన్నానమ్మా!”

“ఏలితో ఒత్తుతున్నావు. అరసేత్తో ఒత్తు. అరసేతి మొదలుతో.”

మూడోది నిలిచింది. డప్పు దద్దరిల్లింది. బుట్టలన్నీ నేలకు దిగాయి. ఇంటావిడ అక్కడే కూలబడి, మట్టిచేతులు మొహానికి అడ్డం పెట్టుకుని, ఏడ్చిందో నవ్విందో తెలియకుండా భుజాలు ఊపింది. విమర్శకుడు మాత్రం వెనక్కి రాలేదు. ఆయన పెట్టిన చోట ఉబ్బెత్తుగా వచ్చిందని ముసలావిడ వెక్కిరిస్తే పంతం పట్టి, మూడు గంటలదాకా సాపు చేస్తూనే ఉన్నాడు. ఎంత చేసినా అది ఉబ్బెత్తుగానే ఉండిపోయింది. వ్యాసం ఎవరూ చదవలేదు. కల్లు మాత్రం అందరూ తాగారు, నేను తప్ప.

మర్నాడు పెళ్ళి జరిగింది.

నెలన్నర తరవాత ఒక పత్రికలో ఆయన వ్యాసం వచ్చింది. చివరి పేరాలో, ఆ మహత్తర గోడ ‘స్థానిక అధికారుల కళాదృష్టి లోపం వల్ల’ అంతరించిందని రాశాడు. ఎవరి చేతులతో అంతరించిందో రాయలేదు. అది చదివిన పైవాళ్ళు మా అధికారిని అడిగారు, ఆయన నాకు మెమో ఇచ్చాడు: గోడ ఎవరు పూశారో వివరించండి. “అందరమూ, తమతో సహా” అని సమాధానం రాశాను. మెమో అక్కడితో ఆగిపోయింది. దాని బదులు బదిలీ వచ్చింది, రాజవొమ్మంగికి.

ఆయన మీద నాకు కోపం రాలేదు. ఆ మధ్యాహ్నం ఆయన మట్టి సాపు చేస్తున్నప్పుడు, ఒక్కసారి కూడా కళ్ళు మూసుకోలేదు. ఇంటికి వెళ్ళి కలం పట్టుకోగానే మళ్ళీ మూసుకున్నాడు, అంతే. మీకూ ఇలాంటివాళ్ళు వస్తారు. వీలైతే వాళ్ళకు కాసేపు ఏదైనా పని చెప్పండి. మారతారని కాదు, ఆ కాసేపూ వాళ్ళు చాలా బాగుంటారు.

రాజవొమ్మంగిలో పని బాగానే ఉండేది, మనుషులూ మంచివాళ్ళే. అక్కడే 2003 మార్చి ఆఖరున రిటైరయ్యాను. అరకులో అయితే నవంబరు వచ్చిందంటే పొద్దున్నే కిటికీ తెరవగానే మంచు గదిలోకి వచ్చేది, వలిసె పూలు కొండ పాదం దాకా పసుపుపచ్చగా పరుచుకుని ఉండేవి.

పోయినవాటి లెక్క రాసి ముగిస్తాను. ఒక గోడమీది చేతి గుర్తులు; ఆ చేతులు చాలావరకు ఉన్నాయి. విమర్శకుడి చెప్పుల జత, మట్టిగుంటలో. కళాగృహానికని ఆ ఏడు మా కేంద్రానికి రావలసిన నిధి. అరకులో నాకు మిగిలి ఉన్న రెండు శీతాకాలాలు.